గెలిచే ఆటలో అర పాయింటు ఎక్కడ పోతోంది: ఒక చెస్ విద్యార్థి కేసు

కోస్తాలోని ఒక పట్టణంలో పదిహేనేళ్లుగా పిల్లలకు చెస్ నేర్పుతున్నాను. ఈ కేసు రాస్తున్నది అబ్బాయి ఛాంపియన్ అయ్యాడని కాదు. అవలేదు. ఏడు నెలల పాటు నేను జబ్బొకటైతే మందొకటి ఇస్తూ పోయాను. చివరికి పనిచేసిన మాట చెస్ బొత్తిగా రాని మనిషి నోటి నుంచి వచ్చింది. అందుకని రాస్తున్నాను. తల్లిదండ్రుల అనుమతి ఉంది. పేరూ ఊరూ చెప్పను. రేటింగు అంకెలను, అంటే ఆటగాడి బలాన్ని చెప్పే లెక్కను, కొద్దిగా అటూ ఇటూ చేశాను.

ఇంకో మాట. మా దగ్గర పిల్లలెవరూ ఏనుగు, శకటం అనరు. రూక్ అంటారు, బిషప్ అంటారు. బంటు మాత్రం ఎందుకో బంటుగానే మిగిలిపోయింది. నేనూ అలాగే రాస్తాను.

నేపథ్యం

2024 జూన్‌లో నా దగ్గరికి వచ్చేనాటికి అబ్బాయి తొమ్మిదో తరగతి. బడిలో మామూలు పాఠాలతో పాటు ఐఐటీ ఫౌండేషన్ తరగతులు. ఉదయం ఏడున్నరకు వెళితే సాయంత్రం ఆరు దాటాక ఇంటికి. ఆ పైన చెస్. తండ్రికి ఎరువుల దుకాణం ఉంది. అయితే ఊళ్లో ఆయన్ను దుకాణం కన్నా ఎన్నికల మనిషిగానే ఎక్కువమంది ఎరుగుదురు. ఏ ఎన్నిక వచ్చినా ఒక పార్టీ తరఫున మూడు నాలుగు బూత్‌ల బాధ్యత ఆయనదే.

మా ప్రాంతంలో చెస్ అంటే తల్లిదండ్రులకు ఆశ ఎక్కువ. అందులో తప్పు లేదు. గ్రాండ్‌మాస్టర్లలో కోనేరు హంపి గుడివాడలో పుట్టింది, హరికృష్ణ, హారిక గుంటూరు వాళ్లు. పక్క ఊరి నుంచే ఒకరు వెళ్లారంటే మనవాడూ వెళ్లవచ్చు కదా అనిపిస్తుంది. ఈ తండ్రి చేతిలో మరో ఆధారం కూడా ఉంది. 2024 మార్చిలో అబ్బాయి రేటింగు ఒక్కసారిగా 1190 నుంచి 1514కు పెరిగింది.

ఆ పెరుగుదల ఆడి సంపాదించింది కాదు. ఆ నెలలో ప్రపంచ చెస్ సమాఖ్య ఫిడే రేటింగు పద్ధతిని సరిచేసింది. 2000 కన్నా తక్కువ ఉన్నవాళ్లందరికీ, 2000కు ఎంత తక్కువ ఉన్నారో అందులో నలభై శాతం కలిపింది. కనీస రేటింగును 1000 నుంచి 1400కు మార్చింది. 1190 ఉన్నవాడికి 324 కలిసింది. ఎదుటివాడికీ కలిసింది. పరీక్షలో అందరికీ పది మార్కులు కలిపితే ఎవరి ర్యాంకు మారుతుంది? ఈ సంగతి మొదటి రోజే తండ్రికి చెప్పాను. ఆయన తల ఊపారు కానీ, నమ్మలేదని తర్వాత తెలిసింది.

వచ్చిన సమస్య

తండ్రి మాటల్లో: "గెలిచే ఆటలు పోగొడుతున్నాడు సార్. ఓపెనింగులో ఎక్కడో వెనకబడుతున్నాడేమో. ఆన్‌లైన్‌లో రెండు కోర్సులు కొన్నాను. ఇంకా ఏది కొనమంటారు?"

అబ్బాయి మాటల్లో: "టైం సరిపోవడం లేదు సార్."

రెండూ విన్నాను. తండ్రి మాటను రాసుకున్నాను. అబ్బాయి మాటను సాకుగా తీసుకున్నాను. మొదటి తప్పు అక్కడే జరిగింది. టైం సరిపోలేదని పిల్లలందరూ అంటారు, పరీక్ష రాసి వచ్చిన పిల్లలూ అదే అంటారు. వినీ వినీ ఆ మాట చెవిన పడినా మనసుకు ఎక్కదు.

అప్పటి పరిస్థితి ఇది. తనకన్నా రెండు వందలు ఎక్కువ ఉన్నవాళ్లతో డ్రాలు చేస్తాడు, అంతే తక్కువ ఉన్నవాళ్ల చేతిలో ఓడిపోతాడు. గెలుపుకు ఒక పాయింటు, డ్రాకు అర. రెండు వందల తేడా ఉంటే పైవాడు నూటికి డెబ్బై ఆరు పాయింట్లు రాబట్టాలని రేటింగు లెక్క. ఈ వయసు పిల్లలకు మార్పు గుణకం, అంటే ఒక్కో ఫలితం రేటింగును ఎంత కదిలిస్తుందో చెప్పే సంఖ్య, నలభై. అంటే అలాంటి ఒక్క ఓటమికి ముప్పై పాయింట్లు పోతాయి. ఆరు నెలలు తిరిగేసరికి 1514 కాస్తా 1431 అయింది.

పనిచేయని మూడు ప్రయత్నాలు

మొదట ఓపెనింగులే, అంటే ఆట మొదట్లో ఆడే ఎత్తుల వరుసలే, పట్టుకున్నాను. నల్ల పావులతో సిసిలియన్ నాయిడార్ఫ్ అనే ఓపెనింగు ఆడేవాడు. కొన్న కోర్సులోని ఫైళ్లన్నీ కంఠతా వచ్చు. నా ఆలోచన ఏమిటంటే, వాడికి తెలిసిన దారుల్లో ఖాళీలున్నాయి, వాటిని పూడిస్తే సరిపోతుంది. రెండు నెలలు పూడ్చాం. పదమూడో ఎత్తు వరకు వచ్చేది పదిహేడో ఎత్తు వరకు వచ్చింది. ఫలితంలో మార్పు లేదు. కారణం తర్వాత అర్థమైంది. వాడి ఎదుట కూర్చున్న పిల్లలూ అవే కోర్సులు కొన్నారు, స్టాక్‌ఫిష్ అనే అదే కంప్యూటర్ ఇంజిన్‌తో సరిచూసుకున్నారు. ఒకే సంతలో కొన్న గొడుగులతో వానలో నిలబడి, ఎవరు తక్కువ తడుస్తారని పందెం వేసుకున్నట్టుంది.

రెండోది పజిళ్లు. రోజుకు నలభై. ఎత్తుగడలు చూసే శక్తి పెరిగితే మధ్య ఆటలో సమయం ఆదా అవుతుందనుకున్నాను. పజిళ్ల రేటింగు బాగానే పెరిగింది, ఆట మాత్రం అక్కడే ఆగింది. పజిల్ ఇస్తున్నామంటేనే 'ఇక్కడ ఏదో ఉంది, వెతుకు' అని చెప్పినట్టు. అసలు ఆటలో ఆ మాట చెప్పేవాళ్లు ఉండరు. ఈ ముక్క నేను చాలామంది తల్లిదండ్రులకు చెప్పినవాణ్ణే. అయినా చేయించాను. వాడికి ఉత్సాహంగా ఉంది, తండ్రికి పెరిగే అంకె కనిపిస్తోంది, నాకూ ఏదో చేస్తున్నామన్న తృప్తి.

మూడోది ఎండ్‌గేమ్ పాఠాలు, అంటే బోర్డు మీద పావులు తక్కువ మిగిలాక ఆడే చివరి ఆట. లూసెనా, ఫిలిడోర్ అనే పేర్లున్న రూక్ ఎండ్‌గేమ్ స్థితులు, బంట్ల ఎండ్‌గేమ్‌లో రాజుల ఎదురుబొదురు పట్టు. ఇది దండగ కాదు, ఎవరికైనా కావలసినదే. అదే సమయంలో 2024 డిసెంబరు 12న సింగపూర్‌లో గుకేశ్ ప్రపంచ ఛాంపియన్ అయ్యాడు. చెన్నైలో స్థిరపడిన తెలుగు కుటుంబం బిడ్డ కావడంతో మా పిల్లల హడావుడి ఇంతా అంతా కాదు. ఆ పద్నాలుగో ఆటను బోర్డు మీద పెట్టి చూపించాను. డ్రా అని అందరూ అనుకుంటున్న రూక్, బిషప్ ఎండ్‌గేమ్‌ను గుకేశ్ ఆడుతూనే పోయాడు. యాభై ఐదో ఎత్తులో అప్పటి ఛాంపియన్ డింగ్ లిరెన్ రూక్ మార్పిడికి దారి ఇచ్చాడు. ఆ వెంటనే బిషప్పులు కూడా మారక తప్పలేదు, మిగిలిన బంట్ల ఆట ఓటమి. మా అబ్బాయి అందరికన్నా ముందే చెయ్యెత్తి తప్పు ఎక్కడుందో చెప్పాడు. వీడికి వచ్చేసిందని మురిసిపోయాను. నెల తిరక్కుండా తనే అచ్చంగా అలాంటి తప్పు చేసి వచ్చాడు.

స్కోర్‌షీటు చెప్పిన సంగతి

జనవరి టోర్నమెంటుకు వెళ్లేముందు వాడికి ఒక్క పని అప్పగించాను. ప్రతి ఎత్తు పక్కన గడియారంలో ఎన్ని నిమిషాలు మిగిలాయో రాయమన్నాను. స్కోర్‌షీటులో, అంటే ఆట ఎత్తులు రాసుకునే కాగితంలో, సమయం రాసుకోవడానికి నియమాలు ఒప్పుకుంటాయి. ఎందుకు చెప్పానంటే పెద్ద ఆలోచనేమీ లేదు. 'టైం సరిపోలేదు' అన్న సాకును కాగితం మీద అబద్ధమని తేల్చాలనుకున్నాను.

ఆటకు తొంభై నిమిషాలు, ప్రతి ఎత్తుకు ముప్పై సెకన్లు అదనం. నాలుగో రౌండు కాగితం ఇప్పటికీ నా బల్ల సొరుగులో ఉంది. పన్నెండో ఎత్తు దగ్గర 94 నిమిషాలు మిగిలి ఉన్నాయి. అంటే అంతవరకు కంఠస్థం, మొదలుపెట్టినప్పటికన్నా ఎక్కువ సమయమే ఉంది. ఇరవై నాలుగో ఎత్తు దగ్గర 9 నిమిషాలు. మధ్యలో పన్నెండు ఎత్తులు గంటన్నర తిన్నాయి. ఒక్క పందొమ్మిదో ఎత్తుకే ఇరవై ఏడు నిమిషాలు.

పందొమ్మిదో ఎత్తులో తేల్చుకోవాల్సినది ఏమిటి? డి వరుసలోకి ఏ రూక్‌ను తేవాలి, ఎ1లో ఉన్నదా, ఎఫ్1లో ఉన్నదా. (బోర్డు మీద నిలువు వరుసలకు ఎ నుంచి హెచ్ వరకు అక్షరాలు, అడ్డ వరుసలకు ఒకటి నుంచి ఎనిమిది వరకు అంకెలు.) చెస్ ఆడేవాళ్లెవరికైనా ఈ బాధ తెలుసు. ఇంజిన్‌ను అడిగాను. రెండింటికీ తేడా బంటు విలువలో పదో వంతు కూడా లేదు.

అదే ఆటలో నలభై నాలుగో ఎత్తు: బంటును ఇ2 నుంచి ఇ3కి ఒక గడి జరిపాడు. పట్టిన సమయం పది సెకన్లు. యాభై ఏడో ఎత్తు: ఒక బంటు ఎక్కువ ఉంది కదా అని రూకులు మార్చేశాడు. గడియారంలో మిగిలింది నిమిషం లోపు. బోర్డు మీద చివరికి ఇది నిలిచింది: తెల్ల రాజు ఇ4లో, తెల్ల బంటు ఇ3లో, నల్ల రాజు ఇ6లో. తెల్లవాడి వంతు. డ్రా. ఏ పక్కకు కదిలినా నల్ల రాజు ఎదురుగా వచ్చి నిలబడతాడు.

ఇప్పుడు ఆ బంటును ఒక గడి వెనక్కి, ఇ2లో పెట్టి చూడండి. మిగతాదంతా అదే. తెల్లవాడు ఇ3 అని బంటును నింపాదిగా ఒక గడి జరుపుతాడు. ఇప్పుడు కదలాల్సిన వంతు నల్లవాడిది. నల్ల రాజు దారి ఇవ్వక తప్పదు, తెల్లవాడు గెలుస్తాడు. నలభై నాలుగో ఎత్తులో పది సెకన్లలో ఖర్చు పెట్టిన ఆ ఒక్క గడి, గెలవడానికి దాచుకోవాల్సిన ఎత్తు. రూకులు ఉంచి ఆడితే తప్పక గెలిచేవాడని నేను అనను. కానీ తేలాల్సినది అక్కడ. గంటన్నర ఖర్చయింది మరో చోట.

తొమ్మిది ఆటలూ ఇలాగే తిరగేశాను. ఐదు నిమిషాలకు మించి ఆలోచించిన చోట్లు నలభై ఒకటి. వాటిలో ఇరవై తొమ్మిది చోట్ల ఏది ఆడినా ఒకటే.

అబ్బాయిని అడిగాను, "ఆ ఇరవై ఏడు నిమిషాలు ఏం ఆలోచించావు నాన్నా?"

"రెండింటిలో ఏది కరెక్టో తెలియలేదు సార్."

ఆ మాట దగ్గర ఆగిపోయాను. వాడి దృష్టిలో ప్రతి స్థితికీ ఒకే ఒక్క సరైన జవాబు ఉంటుంది. ఎందుకు ఉండదు? బడిలో ప్రతి ప్రశ్నకూ నాలుగు ఆప్షన్లు, కీలో ఒకే అక్షరం. పజిల్‌కు ఒకే పరిష్కారం. ఇంజిన్ తెర మీద అన్నిటికన్నా పైన ఒకే వరుస. తొమ్మిదేళ్ల చదువు, నా ఏడు నెలల శిక్షణ కలిసి వాడికి నేర్పింది ఇది. పిల్లవాడి బలహీనత అనుకున్నది నిజానికి వాడు శ్రద్ధగా నేర్చుకున్న పాఠం.

తండ్రి చెప్పిన లెక్క

రోగం తెలిసింది. మందు తెలియలేదు. ఎక్కడ ఆలోచించాలో, ఎక్కడ వద్దో పద్నాలుగేళ్ల పిల్లవాడికి ఎలా చెప్పాలి? 'ముఖ్యమైన చోట ఆలోచించు' అంటే ఏమీ చెప్పనట్టే. ఏది ముఖ్యమో తెలిస్తే ఈ బాధే లేదు.

తండ్రిని పిలిపించి స్కోర్‌షీట్లు ముందుంచాను. ఇంకో కోర్సు వద్దని ఒప్పించడమే నా ఉద్దేశం. ఆయన చాలాసేపు ఆ నిమిషాల వరుస చూశారు. తర్వాత అన్నారు:

"వీడు ఓటరు జాబితాలో మొదటి పేరు నుంచి చివరి పేరు వరకు అందరిళ్లకూ తిరుగుతున్నాడు సార్."

అర్థం కాలేదన్నాను. 2024 మే 13 పోలింగుకు ముందు తాను ఏం చేసిందీ చెప్పారు. జాబితా ముందేసుకుని ప్రతి ఇంటికీ ఒక గుర్తు పెడతారట. మనవాళ్లకు టిక్కు, అవతలివాళ్లకు అడ్డగీత, ఎటూ తేలనివాళ్లకు ప్రశ్న గుర్తు. "మనవాళ్ల ఇంటికి రోజూ వెళ్తే కాఫీ ఇస్తారు, మర్యాద చేస్తారు. ఓటు మాత్రం పెరగదు. వాళ్లను పోలింగు రోజు బయటికి రప్పిస్తే చాలు. అవతలివాళ్లతో వాదిస్తే పొద్దు పోతుంది. మిగిలేవి ఆ ప్రశ్న గుర్తు ఇళ్లు. బూత్‌కు అరవయ్యో డెబ్బయ్యో ఉంటాయి. ఎన్నిక అంటే అవే సార్."

ఆ తర్వాత ఆయనే ఒక ప్రశ్న వేశారు. "మీ ఆటలో ప్రశ్న గుర్తు ఇల్లు ఏదో ముందే తెలియదా?"

తెలుస్తుంది. అన్నీ కాకపోయినా చాలావరకు. వెనక్కి తీసుకోలేని ఎత్తులు ఎక్కడున్నాయో అక్కడ. బంటు వెనక్కి నడవదు. మార్చిన పావు తిరిగి రాదు. రాజు ముందున్న బంట్లు కదిలాక ఆ గోడ మళ్లీ లేవదు. రూక్‌ను డి1లో పెడితే మరుసటి ఎత్తులో ఇ1కి తీయవచ్చు. ఇంతకన్నా సులువైన కొలత పదిహేనేళ్లలో నాకు తట్టలేదు.

మందు మోతాదు తప్పడం

మరుసటి వారం నియమం పెట్టాను: వెనక్కి తీసుకోగల ఎత్తుకు నాలుగు నిమిషాలు మించకూడదు. ఫిబ్రవరి టోర్నమెంటులో తొమ్మిది ఆటలకు మూడున్నర పాయింట్లు. అంతకుముందు కన్నా ఘోరం. కాగితాలు చూస్తే వాడు నియమాన్ని తు.చ. తప్పకుండా పాటించాడు. అన్నిచోట్లా నాలుగు నిమిషాల లోపే. బంటు మార్పిళ్లూ నాలుగు నిమిషాల లోపే. ఆటలు ముగిసేసరికి గడియారంలో నలభై నిమిషాలు మిగిలిపోయాయి.

తప్పు నాది. పొదుపు చేయమన్నాను, దేనికోసమో చెప్పలేదు. డబ్బు దాచమని చెప్పి, ఆస్పత్రికి కూడా ఖర్చు పెట్టొద్దన్నట్టు వినిపించింది వాడికి. ఆ వారం తండ్రి ఫోనులో కొంచెం గట్టిగానే మాట్లాడారు. ఆయన కోపంలో న్యాయం ఉంది.

నియమాన్ని తిరగేశాను. పరిమితి తీసేసి, మూడు సందర్భాల్లో కనీసం ఇంత ఆలోచించాలని పెట్టాను. బంటు కదిపే ముందు, పావులు మార్చే ముందు, రాజు రక్షణ చెదిరే ముందు ఒక్కసారి చేతులు ఒళ్లో పెట్టుకుని, 'ఇది జరిగాక నాకు ఏది ఉండదు?' అని తనను తానే అడగాలి. మిగతా చోట్ల రెండు మంచి ఎత్తులు సమానంగా కనిపిస్తే మొదట తట్టినదే ఆడాలి. ఆట అయ్యాక ఇంజిన్ తెరవకముందు స్కోర్‌షీటు మీద ప్రశ్న గుర్తులు తనే పెట్టాలి. ఆ కాగితం మీద తండ్రి పద్ధతి, కొడుకు పద్ధతి ఒకటైపోయాయి. వాడికి అది భలే నచ్చింది.

ఇంకో రెండు మార్పులు. నాయిడార్ఫ్ మాన్పించి కారో-కాన్ ఇచ్చాను. అది గొప్ప ఓపెనింగని కాదు. కంఠస్థం అయిపోయిన చోట కూడా బోర్డు గుర్తుపట్టేలా ఉంటుంది, పదమూడో ఎత్తులో చీకటి కమ్మదు. రెండోది, వారంలో ఒకరోజు సమాన స్థితిలో ఉన్న ఎండ్‌గేమ్ పెట్టి, పదిహేను నిమిషాల గడియారంతో ఇద్దరు పిల్లల చేత ఆడించడం, తర్వాత వైపులు మార్చి మళ్లీ ఆడించడం. 2013 నవంబరులో చెన్నైలో జరిగిన ప్రపంచ ఛాంపియన్‌షిప్‌లో కార్ల్‌సన్ ఆనంద్‌ను ఐదో ఆటలో, ఆరో ఆటలో ఓడించింది ఓపెనింగు బలంతో కాదు, ఏమీ లేదనిపించే ఎండ్‌గేమ్‌లను అలుపు లేకుండా ఆడి. ఆ ఓపిక పాఠం చెబితే రాదు, ఆడితే వస్తుంది.

మొత్తం చెస్ గంటలు వారానికి పద్నాలుగు నుంచి ఎనిమిదికి తగ్గించాను. తండ్రి ఒప్పుకోవడానికి రెండు వారాలు పట్టింది. మిగతా పిల్లలు పద్నాలుగు గంటలు చేస్తుంటే మనం ఎనిమిదితో ఎలా గెలుస్తామని ఆయన ప్రశ్న. బూత్‌లో తిరిగిన గంటలు లెక్కపెడతారా, ఓట్లు లెక్కపెడతారా అని నేను అడగలేదు. నాలుక చివరి దాకా వచ్చింది.

ఫలితం, దాని మీద నా అనుమానాలు

2025 వేసవిలో మూడు టోర్నమెంట్లు ఆడాడు. సెప్టెంబరు నాటికి రేటింగు 1568. తనకన్నా తక్కువవాళ్ల చేతిలో ఓటములు పూర్తిగా పోలేదు, బాగా తగ్గాయి. వేసవి కాగితాల్లో ఇరవై నాలుగో ఎత్తు దగ్గర సగటున ముప్పై ఐదు నిమిషాలు మిగిలి ఉన్నాయి. ఒక ఆటలో యాభై రెండో ఎత్తు పక్కన, మార్జిన్‌లో చిన్న అక్షరాలతో 'ఇ2 ఉంచాను' అని రాసి ఉంది. ఆ ఆట గెలిచాడు. అయితే సమయం, ఎత్తులు, డ్రా ప్రతిపాదనలు వంటివి తప్ప ఇలాంటి మాటలు అక్కడ రాయకూడదు, ఆర్బిటర్, అంటే పోటీ న్యాయనిర్ణేత, చూస్తే ఊరుకోడు. అందుకు మందలించాను. లోపల మాత్రం ఆ కాగితాన్ని నాలుగో రౌండు కాగితం పక్కనే దాచాను.

ఇదంతా నియమం వల్లే అని చెప్పను. వాడికి ఒక ఏడు వయసు పెరిగింది. గంటలు తగ్గాక నిద్ర పెరిగింది. రౌండుకూ రౌండుకూ మధ్య తండ్రి ఫలితం అడగడం మానేశారు, అదెంత పనిచేసిందో కొలవడానికి నా దగ్గర ఏ కాగితమూ లేదు. మార్పు గుణకం నలభై ఉన్న పిల్లల రేటింగు మూడు మంచి వారాల్లో పెరిగి, రెండు చెడ్డ వారాల్లో దిగుతుంది కూడా. ఇప్పుడు పదో తరగతి. పబ్లిక్ పరీక్షలయ్యే దాకా టోర్నమెంట్లు లేవు. తిరిగి వచ్చాక ఎంత మిగులుతుందో అప్పుడే తెలియాలి.

నా పద్ధతిలో మారింది ఒక్కటి. కొత్తగా వచ్చిన ఏ పిల్లవాడికీ మొదటి నెల ఏ ఫైలూ ఇవ్వడం లేదు, గడియారం నిమిషాలు రాసిన పది ఆటలు తెమ్మంటున్నాను. ఈ కేసు చూసి అందరికీ ఇదే మందు పనిచేస్తుందనుకుంటే మళ్లీ మొదటికొస్తాం. పోయిన నెల ఒక అమ్మాయి తెచ్చిన మొదటి కాగితం దీనికి సరిగ్గా తలకిందులు: నలభై ఒక్క ఎత్తుల్లో ఓడిపోయింది, గడియారంలో ఇంకా డెబ్బై ఆరు నిమిషాలు ఉన్నాయి. ఆ పిల్ల ఎక్కడికి పరుగెడుతోందో ఇంకా అడగలేదు. ఆదివారం వాళ్ల అమ్మగారితో కలిసి రమ్మన్నాను.